మూకచిత్రమున సాధువు, సైతాను, మాట

మీర్ ఉస్మాన్ అలీఖాను ప్రభుత్వమున (1911–1948) హైదరాబాదు నగరమున అయిదాఱేండ్ల యెడములో రెండు నూతన ప్రయత్నములు మొదలయ్యెను. అందొకటి ఉస్మానియా విశ్వవిద్యాలయము. రెండవది లోటస్ ఫిలిం కంపెనీ. మొదటిది మాటమీఁద నిలిచినది. ఉన్నతవిద్య యంతయు దేశభాషలలో నొకటియగు ఉర్దూలోనే నేర్పవలయునని తలపెట్టి, 1917లో ముందుగా నొక భాషాంతరీకరణశాల నేర్పఱచి, గణితము, వైద్యము, న్యాయము మున్నగు శాస్త్రములకు కొత్త పదములు కల్పించుకొని, 1919 ఆగస్టు 28వ తేదీన బోధన ప్రారంభించినది. రెండవది మాటలేని కళకు సంబంధించినది. దాని బొమ్మలు కదలునే కాని పలుకవు. విశ్వవిద్యాలయము నూఱేండ్లు దాఁటి నేఁటికిని నడచుచున్నది. చిత్రసంస్థ రెండేండ్లకే అంతరించినది. ఈ రెంటిని ఒక్కచోటఁ జేర్చి చూచుట వింతగాఁ దోఁపవచ్చును గాని, మూకచిత్రమునుగూర్చి తఱచుగా వినవచ్చు నొక సిద్ధాంతమును పరీక్షించుటకు ఇంతకంటె తగిన తావు దొరకదు.

ఆ సిద్ధాంత మేమనఁగా, మూకచిత్రమునకు భాష లేదు, కావున దానికి ఎల్లలును లేవు. బంగాళమునఁ దీసిన చిత్రమును ఆంధ్రుఁడును, స్వీడను దేశమునఁ దీసినదానిని బంగాళీయుఁడును సమానముగ గ్రహింపఁగలరు. టాకీ వచ్చినపిమ్మటనే చలనచిత్రము భాషలవారిగాఁ జీలిపోయెను. ఇది కొంతవఱకు నిజమే. హాస్యచిత్రములకును, సాహసకథలకును ఇది చెల్లును. కాని పాపము, పశ్చాత్తాపము, భక్తి, మనుష్యాతీతమగు దుష్టశక్తి అనునవి కథావస్తువులైనచోట ఈ మాట చెల్లదు. దుష్టశక్తికి రూపము చాలును. పాపి మనస్సు మరలుటకు మాట కావలసివచ్చును. ఆ కాలపు ప్రసిద్ధచిత్రములను వరుసగఁ జూచినయెడల ఇది స్పష్టపడును.

మొదట హైదరాబాదు సంగతి. ధీరేంద్రనాథ గంగూలీ 1893లో జన్మించిన బంగాళీయుఁడు, శాంతినికేతనమున విద్యనభ్యసించి, రవీంద్రుని నాటకములలో వేషములు ధరించినవాఁడు, చిత్రలేఖకుఁడు. హైదరాబాదున చిత్రకళాపాఠశాలయందు ప్రధానోపాధ్యాయుఁడుగఁ గొంతకాలము పనిచేసినాఁడు. తన ముఖమునే పలువేషములలో, పలుభావములలో ఛాయాచిత్రములుగఁ దీసి ‘భావేర్ అభివ్యక్తి’ యను పేర నొక సంపుటము ప్రకటించినాఁడు. ఒక్కముఖము, ఎన్నియో మనుష్యులు! మాట యక్కఱలేదు, ముఖము చాలునన్న నమ్మకమునకు ఆ సంపుటమే సాక్ష్యము. పిదప కలకత్తాలో ఇండో-బ్రిటిష్ ఫిలిం కంపెనీ స్థాపకులలో నొకఁడై, 1921లో ‘బిలేత్ ఫేరత్’ అను పరిహాసచిత్రముతో పేరు గాంచి, 1922లో మరల హైదరాబాదు చేరి, నిజాము ప్రాపున లోటస్ ఫిలిం కంపెనీ నెలకొల్పినాఁడు. చిత్రములు తీయుటయేకాక నగరమున సినిమాశాలలను గూడ నడపినాఁడు.

కలకత్తా విడుచునప్పటినుండి 1924 వఱకు గంగూలీ పేర నమోదైన చిత్రముల పట్టికలో ‘సాధు ఔర్ షైతాన్’, ‘ఇంద్రజిత్’, ‘బిమాత’, ‘చింతామణి’, ‘హర గౌరి’, ‘యయాతి’, ‘లేడీ టీచర్’, ‘మ్యారేజ్ టానిక్’, ‘రజియా బేగం’ అనునవి కానవచ్చును. హాస్యమును పురాణమును కలగలపిన యీ పట్టికలో మొదటి పేరు గమనింపఁదగినది. సాధువును సైతానును ప్రక్కప్రక్కల నిలిపిన పేరది; సంస్కృతపదమొకటి, అరబ్బీపదమొకటి, నడుమ హిందుస్తానీ సముచ్చయము. హైదరాబాదు వీథులలో నెవ్వరికిని వివరింప నక్కఱలేని పేరు. చిత్రములు మాత్రము దక్కలేదు. మూకయుగమున భారతదేశమునఁ దయారైన పదుమూఁడు వందలకుఁ బైబడిన చిత్రములలో నేఁడు పూర్ణముగనో తునకలుగనో మిగిలినవి ముప్పదికి మించవు. ఆనాఁటి ఫిలిము నైట్రేటుతోఁ జేసినది, నిప్పంటుకొన్న నార్పరాదు, అంటుకొనకున్నను తనంతటఁ బొడియై రాలిపోవును. కావున చరిత్రకారుఁడు మిగిలిన చిత్రములనుండియు, అవి యాధారము చేసికొన్న కథలనుండియు సాగవలసినవాఁడు.

పట్టికలోని ‘చింతామణి’ యను పేరు తెలుఁగువారికిఁ గొత్తది కాదు. లీలాశుకుఁడను బిల్వమంగళుని కథలో వేశ్య పేరది. ‘కృష్ణకర్ణామృతము’ను రచించిన లీలాశుకుఁడు ఏ దేశపువాఁడన్న వివాదము పండితు లెఱిఁగినదే, ఆంధ్రులును, కేరళీయులును, వంగీయులును తమవాఁడని చెప్పుకొందురు. ఆ వాదమున కిక్కడఁ జోటులేదు. కాని యొక్క సంగతి యిక్కడ నవసరము. చైతన్యుఁడు పదునాఱవ శతాబ్ది తొలిపాదమున దక్షిణయాత్ర చేసినప్పుడు కృష్ణవేణీతీరమున ఈ గ్రంథమును విని, ప్రతి వ్రాయించి తనవెంటఁ గొనిపోయెనని ‘చైతన్యచరితామృతము’ చెప్పుచున్నది. తెలుఁగున దీనిని వెలగపూడి వెంగనామాత్యుఁడు పద్యములలోనికిఁ దెచ్చెను. కృష్ణాతీరమున దొరికిన గ్రంథము వంగదేశమునకుఁ బోయినది. ఆ గ్రంథకర్త కథ వంగదేశమున గిరీశచంద్ర ఘోషు చేతిలో నాటకమై, 1919లో మదన్ కంపెనీవారి ‘బిల్వమంగళ్’ అను మూకచిత్రమై, మరల దక్షిణమునకు మరలినది. గ్రంథములు పోయిన దారినే కథలు మరలివచ్చుట సారస్వతచరిత్రలో అరుదు కాదు గాని, యీసారి వచ్చినది తాటియాకులమీఁద కాదు, రీళ్లమీఁద.

బిల్వమంగళ్ చిత్రమునకు దర్శకుఁడు రుస్తంజీ ధోతీవాలా. పది రీళ్లు, పండ్రెండువేల అడుగుల నిడివి. 1919 నవంబరు 8న కలకత్తా కార్న్‌వాలిస్ థియేటరులో మొదటిసారి చూపఁబడినది. కథ యెఱిఁగినదే. ధనికుని కొడుకు వేశ్యాలోలుఁడై, పితృకర్మదినమున సైతము ఆగలేక, రాత్రి గాలివానలో ఏఱు దాఁటఁ బోవును. తేలివచ్చిన శవమును దుంగయనుకొని పట్టుకొని దాఁటును. గోడనుండి వ్రేలాడు పామును త్రాడనుకొని పట్టుకొని మేడ యెక్కును. చింతామణి యాతనిఁ జూచి, ఎముకలతోలుతోఁ గూడిన యీ దేహముపైనున్న యాసక్తిలో నేకొంచెమైనను భగవంతునిపై నుండినచో తరింతువుగదా యని మందలించును. ఆ మాటతో నాతఁడు విరాగియై బృందావనమునకుఁ బోవును. త్రోవలో మరల నొక వణిజుని భార్యనుఁ జూచి చలించి, దోషము కన్నులదేయని తెలిసికొని, సూదులతోఁ దన కన్నులు తానే పొడుచుకొనును. తుదకు గోపబాలుఁ డొకఁడు అంధుని చేయిపట్టి నడపించును.

ఈ కథలో మూకచిత్రమునకు మిక్కిలి అనువైన భాగ మేది? శవము, పాము. రెండును కన్నులకుఁ గట్టునవి. చూచువారికి శవము శవముగానే కనఁబడును. నాయకునకు మాత్రము దుంగ. ఇద్దఱు చూచుదాని నడుమనున్న యీ యంతరమే అతని పాపము. దీనిని రంగస్థలమున నటుఁడు పద్యముతోఁ జెప్పవలసియుండఁగా, తెరపై నేమియుఁ జెప్పకయే తెలియును. రజ్జుసర్పభ్రాంతి వేదాంతులకుఁ దఱచైన దృష్టాంతము, త్రాడును పామనుకొనుట. బిల్వమంగళుఁడు దానిని తలక్రిందు చేసినాఁడు, పామును త్రాడనుకొన్నాఁడు. వేదాంతులు దృష్టాంతమునకుఁ జెప్పినది యీ కథ నడచుటకు హేతువైనది.

అననుకూలమగు భాగ మేది? చింతామణి మందలింపు. కథ యంతయు ఆ యొక్క వాక్యముమీఁదఁ దిరిగినది. ఆమె ముఖము చూపిన కోపమని తోఁపవచ్చును, జుగుప్సయని తోఁపవచ్చును, విసుగని తోఁపవచ్చును. ఏ కోపమైనను వినినవాఁడు తల వంచుకొనును, భక్తుఁడు కాఁడు. భరతముని చెప్పిన నాలుగభినయములలో ఆంగికము, ఆహార్యము, సాత్త్వికము మూకచిత్రమునకుఁ దక్కినవి, వాచికము పోయినది. సాత్త్వికభావములు ఎనిమిదింటిలో నశ్రువు, వేపథువు, స్తంభము మున్నగునవి తెరపై బాగుగఁ గనఁబడును, వైస్వర్యము వినఁబడదు, నలుపుతెలుపుల బొమ్మలో వైవర్ణ్యమును గుర్తింపరాదు. ఇక నిర్వేదము సంగతి. వ్యభిచారిభావములలో నది మొదటిదిగాఁ బఠింపఁబడినది. శాంతమునకు స్థాయియని మమ్మటుఁడు మొదలగువారు చెప్పినారు. దారిద్ర్యమువలనఁ గలుగు నిర్వేదము వేఱు, తత్త్వజ్ఞానమువలనఁ గలుగునది వేఱు. రెంటికిని కన్నీరొక్కటే, నిట్టూర్పొక్కటే. ఏది యేదో తెలిపెడిది మాట. కావున బిల్వమంగళుఁడు మాఱునట్టి క్షణమున చిత్రకారుఁడు బొమ్మ నాపి, నల్లనితెరపై తెల్లనియక్షరములు చూపవలసినదే. వ్రాఁతపలక యని చెప్పఁదగిన ఈ సాధనము హాస్యచిత్రములలో కాలమును స్థలమును తెలుపుటకు మాత్రమే పనికివచ్చును. భక్తిచిత్రములలో కథకు కీలు అదియే.

దుష్టశక్తి విషయమున నీ యిబ్బంది లేదు. మదన్ కంపెనీవారు 1920లో ఇటలీదేశీయుఁడగు యూజేనియో డి లిగువోరో దర్శకత్వమున ‘నలదమయంతి’ చిత్రము తీసిరి. పేషన్స్ కూపర్ దమయంతి. నారదుఁడు మేరువు మీఁదుగా స్వర్గమున కెగయుట, దేవతలు నలుగురు నలుని రూపము దాల్చుట, కలి పాముగా మాఱుట యను మాయలచే నది ప్రసిద్ధికెక్కినదని ఆ చిత్రమునుగూర్చిన వర్ణనలు చెప్పుచున్నవి. నన్నయ యారణ్యపర్వమును చదివినవారు ఇక్కడ నాగుదురు. భారతమున కలి పాము కాఁడు. నలుఁడు కాళ్లు కడుగుకొనకయే సంధ్య వార్చిన చిన్నలోపమును పండ్రెండేండ్లు కాచుకొని కలి యాతనిఁ బ్రవేశించును, ఎవ్వరికిని కనఁబడఁడు. అక్కడ పాము వేఱు. అది కర్కోటకుఁడు, నలుని కఱచి రూపము మార్చినను అతని మేలుకొఱకే కఱచినవాఁడు, ఆ విషము లోనున్న కలినే కాల్చినది. భారతమున నుపకారియగు పాము తెరమీఁద నపకారి యయ్యెను. ఇది దర్శకుని యజ్ఞానమని త్రోసివేయవచ్చును. కాని మూకచిత్రపు నిర్బంధమే యిట్లు చేయించినదనుట యుక్తతరము. కంటికిఁ గనఁబడని కలిని చూపవలయునన్న నతనికి రూపము కావలయును. రూపమును చూచినతోడనే దుష్టమని తెలియవలయును. పామును మించిన రూప మేది? లోపలి దోషము బయటి రూపమయ్యెను. నలుని తప్పు తగ్గి, కలి తప్పు పెరిగెను.

పడమటి దేశములలోను కథ యిట్లే నడచినది. 1921 జనవరి 1న స్వీడనులో విక్టర్ ష్యోస్ట్రోమ్ తీసిన ‘కోర్‌కార్లెన్’ ప్రదర్శింపఁబడెను. సెల్మా లాగర్‌లోఫ్ 1912లో వ్రాసిన కథ దీనికి మూలము. సంవత్సరాంతపు రాత్రి పండ్రెండు గంటల కెవఁడు చచ్చునో వాఁడు మరుసటి యేడంతయు మృత్యుశకటమును దోలవలసియుండును. డేవిడ్ హోల్మ్ అను త్రాగుబోతునకు ఆ గతి పట్టును. యమభటులను గోడలమీఁద వ్రాసికొన్న దేశపువారికి ఈ కథ కొత్తగాఁ దోఁపదు. ఛాయాగ్రాహకుఁడు యూలియస్ యేన్‌జోన్ ఒక్క ఫిలిముమీఁదనే పలుమాఱులు బొమ్మ పట్టి, ఆ బండిని గాజుఁబోలె పారదర్శకముగఁ జూపినాఁడు. అది సముద్రము నడుగునఁ గూడ నడచును. ఇంతవఱకు మాట యక్కఱలేదు. అతనికై ప్రార్థించుచు క్షయరోగముతోఁ జనిపోవు సేవిక, పిల్లలతోఁ గూడ విషము త్రావ నుద్యుక్తురాలైన భార్య, వీరి ముఖములును చాలినంత చెప్పును. కాని తుదకు హోల్మ్ చేయు ప్రార్థన యక్షరములలోనే యున్నది. ఆ యక్షరములు తీసివేసినచో మిగులునది యేడ్చుచున్న యొక మగవాఁడు.

ముర్నౌ 1926లో జర్మనీలో తీసిన ‘ఫౌస్ట్’ ఇంకను స్పష్టమగు సాక్ష్యము. ఎమిల్ యానింగ్స్ ధరించిన మెఫిస్టో పురమంతయుఁ గప్పునట్లు నల్లని ఱెక్కలు చాఁచి నిలుచును. ఆ ఱెక్కలక్రింద మహమ్మారి పొగవలె దిగును. దుష్టశక్తికి ఇంతకుమించిన రూపకల్పన మూకయుగమున లేదనియే చెప్పవచ్చును. కథ ముగియునప్పుడు దేవదూత సైతాను నడ్డగించి, యొక్కమాట నీ యొడంబడికను రద్దుచేసినదని చెప్పును. ఏమాట యని వాఁ డడుగును. అప్పుడు తెరపైఁ జూపినది బొమ్మ కాదు. ప్రేమ యని యర్థమిచ్చు జర్మను పదమొకటి, అక్షరములలో. అంతటి చిత్రకారుఁడును, అన్ని యంత్రములును, అన్ని దీపములును చేతనుండియు, సైతానును ఓడించుటకు మాత్రము మాటనే యాశ్రయింపవలసివచ్చెను.

ఇట్లు కీలకము మాటయైనప్పుడు, ఆ మాట యేభాషలో నుండవలయునన్న ప్రశ్న తప్పదు. హైదరాబాదు ఇక్కడ మరల వచ్చును. నిజాము రాజ్యప్రజలలో ఇంచుమించు సగమువంతు తెలుఁగువారు. తక్కినవారిలో మరాఠీ, కన్నడము, ఉర్దూ మాటలాడువారు కలరు. రాజభాష ఉర్దూ. 1921 నవంబరులో నగరమందలి వివేకవర్ధని నాటకశాలలో కార్వే పండితుని యధ్యక్షతను జరిగిన సంఘసంస్కారసభలో ఆలంపల్లి వేంకటరామారావు తెలుఁగున నుపన్యసింపఁబోఁగా సభికులు గేలిచేసి యడ్డుపడిరి. ఆ యవమానమునుండియే ఆంధ్రజనసంఘము పుట్టెను. లోటస్ కంపెనీ ఆ మరుసటియేడే నగరమున వెలసినది. సభావేదికపై తెలుఁగుమాట వినఁబడుటకు వీలులేని యూరిలో, మాటలేని బొమ్మకు అన్నిభాషలవారును ఒకే యింటఁ గూర్చుండిరి. ఈ యంశమున పూర్వోక్తసిద్ధాంతమునకుఁ గొంత బలమున్నదని యొప్పుకొనవలయును. కాని తెరపై నక్షరములు పడినతోడనే ఆ యైక్యము చీలును. అందులకే ఆనాఁటి భారతీయచిత్రములలో వ్రాఁతపలకలు రెండుమూఁడు భాషలలో నుండెడివి. అక్షరజ్ఞానము లేనివారికై శాలలలో నొకఁడు బిగ్గరగఁ జదివి తమభాషలోఁ జెప్పెడివాఁడు. తోలుబొమ్మలాటలో తెరవెనుకఁ బలుకువాఁడు, పురాణశ్రవణమున పద్యమునకు అర్థము చెప్పువాఁడు ఎంతవాఁడో, ఇతఁడును నంతవాఁడే. మూకచిత్రము మూఁగది, మూకచిత్రశాల మూఁగది కాదు.

ఉస్మానియాలో భాషాంతరీకరణశాలవారు ఆ దినములలో సరిగా నిదే పనిలో నుండిరి: పరదేశభావమునకు స్వదేశపదము వెదకుట. అక్కడ ఉర్దూ బోధనభాష కాఁగా తెలుఁగు ఒక పాఠ్యవిషయముగ మాత్రముండెను. ఆ తెలుఁగు బోధించినవాఁడు రాయప్రోలు సుబ్బారావు. ఆయనయు గంగూలీవలెనే శాంతినికేతనము చూచివచ్చినవాఁడు. ఒకచోట నేర్చిన యిద్దఱలో నొకఁడు హైదరాబాదున అమలినశృంగారమును పద్యములలోఁ బాడెను; రెండవవాఁడు మాటలు మానుకొని ముఖములు చూపెను. చింతామణికథ నిజమునకు మలినశృంగారము అమలినమగు కథయే కదా.

గంగూలీ కథ మాటవలనఁ గాక బొమ్మవలననే ముగిసినది. 1924లో ‘రజియా బేగం’ హైదరాబాదున ప్రదర్శింపఁబడెను. 1236 మొదలు 1240 వఱకు ఢిల్లీ నేలిన రజియా సుల్తానా యితివృత్తము. ముసల్మాను రాణికి హిందువునిపైఁ బ్రేమ కలిగినట్లు చూపుటచే నిజామునకు ఆగ్రహము కలిగి, ఇరువదినాలుగు గంటలలో రాజ్యము విడువవలసినదని యాజ్ఞ యయ్యెనని చెప్పుదురు. గంగూలీ కలకత్తా చేరెను. లోటస్ కంపెనీ యంతటితో సరి. విశ్వవిద్యాలయమునకుఁ దన పేరిచ్చి పోషించిన చేయియే చిత్రశాలలను మూయించినది. ఇందు ప్రభువు చిత్తచాంచల్యమును మాత్రమే చూచుట చాలదు. వ్రాసిన వాక్యమును నలుగురు నాలుగురీతులఁ జదువుదురు. దానికి వ్యాఖ్యానమున్నది, సమాధానమున్నది. రాణి ముఖమున కనఁబడిన ప్రేమకు వ్యాఖ్యాన మేది? చూచినవాఁడు చూచినదే యర్థము. సైతానును సుళువుగఁ జూపఁగల బొమ్మ, అపరాధమును గూడ సుళువుగనే మోపించుకొనును.

గంగూలీ యంతటితో నడఁగలేదు. 1929లో కలకత్తాయందు బ్రిటిష్ డొమీనియన్ ఫిలింస్ స్థాపించెను, 1975 సంవత్సరపు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కార మందెను, 1978లో గతించెను. మదరాసున ఆంధ్రుఁడు రఘుపతి వెంకయ్యయుఁ, కుమారుఁడు ప్రకాశును స్టార్ ఆఫ్ ది ఈస్టు పేరఁ దీసిన ‘భీష్మప్రతిజ్ఞ’ సైతము హైదరాబాదు చిత్రములవలెనే కాలగర్భమునఁ గలిసినది. తెలుఁగుచిత్రచరిత్ర వ్రాయువారు వెంకయ్యగారిని మొదట నిలుపుదురు, అది న్యాయమే. హైదరాబాదు ప్రకరణమును మాత్రము బంగాళీయుని కథయని విడిచిపెట్టుట న్యాయము కాదు. నగరము తెలంగాణమునకు ముఖ్యపట్టణమైన యీ దినములలో నది మఱింత కొఱత.

గంగూలీ చిత్రములు తీసిననాఁటికి విశ్వవిద్యాలయమునకు సొంతయిల్లు లేదు. గన్‌ఫౌండ్రీ ప్రాంతపు మేడలలోఁ బాఠములు జరుగుచుండెను. అడిక్‌మెట్ గుట్టలలో బెల్జియము దేశపు శిల్పి ఎర్నెస్ట్ జాస్పర్ రూపకల్పనతో ఆర్ట్సు కళాశాలకు 1934 జూలై 5న శంకుస్థాపనమును, 1939 డిసెంబరు 4న ప్రారంభోత్సవమును జరిగెను. అప్పటికి మూకయుగము గడచి యెనిమిదేండ్లు. 1948 తరువాత ఉర్దూ బోధనభాషగా నుండుట మానినది. ఆ ప్రాంగణమునకుఁ జేరువనున్నది తార్నాక. పూర్వమచ్చట తీఁగకంచె కావలిచోటుండుటచే ‘తార్’, ‘నాకా’ యను రెండుమాటలు గలిసి యా పేరు వచ్చెనని జనులందురు. 1958లో ఆంగ్లభాషాబోధనకై స్థాపితమై, 1972లో విదేశభాషలనుఁ గూడ చేర్చుకొని, 2007లో కేంద్రవిశ్వవిద్యాలయమైన ఆంగ్ల విదేశభాషల విశ్వవిద్యాలయమునకుఁ జిరునామా తార్నాకయే. చలనచిత్రాధ్యయనము అక్కడ నొక శాఖ. జర్మను, ఫ్రెంచి మొదలగు భాషలు నేర్పు చోటనే బొమ్మలశాస్త్రమును నేర్పుట యాదృచ్ఛికమే కావచ్చును గాని, ఫౌస్టు చిత్రపు తుదిమాటను జర్మనులోఁ జదువఁగలవారును, నలదమయంతి కలిని నన్నయ కలితోఁ బోల్చఁగలవారును రెండుమైళ్ల లోపున నున్న తావు దేశమున నెక్కువ లేవు. ఈ రెండు పక్షములవారును కలిసి చదువవలసిన పని మిగిలియున్నది.

మిగిలిన సామగ్రి స్వల్పము. బిల్వమంగళ్ చిత్రము చిరకాలము నష్టమైనదనియే యెంచఁబడెను. 2016లో పారిసులోని ఫ్రెంచి చిత్రభాండాగారమునుండి దాని తునక పూనాలోని జాతీయచలనచిత్ర భాండాగారమునకుఁ జేరినది. 594 మీటర్లు; మొత్తము నిడివిలో ఆఱవవంతునకు లోపు. కృష్ణాతీరమునుండి వంగమునకును, వంగమునుండి పారిసునకును పోయిన కథ మరల కృష్ణోపనదియగు ముళాముఠల తీరముననే చేరినది.

చింతామణి పేరుగల కథ టాకీలలో మాటను దక్కించుకొన్నది. నెల్లూరివాఁడును, మూకచిత్రములలో నటించినవాఁడునగు వై. వి. రావు 1937లో దీనిని తమిళమున తీయఁగా మదురలో నొకే శాలలో నేఁడాదికిఁ బైగా ఆడినది. 1956లో భానుమతి చింతామణిగా, నందమూరి తారకరామారావు బిల్వమంగళుఁడుగా తెలుఁగుచిత్రము వచ్చెను. వీని కన్నిటికంటె దీర్ఘాయువు కాళ్లకూరి నారాయణరావు నాటకమునకే కలిగినది. పద్యములకొఱకుఁ గొందఱు, సుబ్బిశెట్టి హాస్యమునకుఁ బెక్కుమంది, నూఱేండ్లపాటు ఊరూరను రాత్రులు మేలుకొని చూచిరి. కాలక్రమమున నటకులు సొంతముగఁ జేర్చిన మోటుమాటలు పెరిగి బిల్వమంగళుని పశ్చాత్తాపము తగ్గెను. ఆ పాత్ర తమ కులమును కించపఱచుచున్నదని ఆర్యవైశ్యసంఘములవారు చేసిన ఫిర్యాదుమీఁద ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము 2022 జనవరిలో నాటకప్రదర్శనమును నిషేధించెను. 1924లో హైదరాబాదున బొమ్మకుఁ బట్టిన గతి, తొంబదియెనిమిదేండ్లకు మాటకుఁ బట్టినది.